తోట అమ్మకండి, ముందు వాయిదాల ఖర్చు లెక్క కట్టండి

అంబాజీపేట దగ్గరి పల్లె నుంచి ఒక తండ్రి రాసిన ఉత్తరానికి ఇది జవాబు. హైదరాబాదులో కాపురం చేసిన ఆయన కుమార్తె నాలుగేళ్ల బాబుతో పుట్టింటికి వచ్చి ఏడాదయింది. అల్లుడు అక్కడి ఫ్యామిలీ కోర్టులో విడాకుల కేసు వేశాడు. ఎనిమిది నెలల్లో ఏడు వాయిదాలకు వెళ్లి రావడానికి 52,500 రూపాయలు ఖర్చయింది. కేసును అమలాపురం కోర్టుకు మార్పించుకోవడానికి ముప్పై సెంట్ల కొబ్బరి తోట అమ్మాలా, 4 లక్షల ఫిక్స్‌డ్ డిపాజిట్ తీసేయాలా, అమ్మాయి పద్నాలుగు కాసుల బంగారం తాకట్టు పెట్టాలా అని ఆయన అడిగారు.

అయ్యా, ఈ మూడింటిలో ఏదీ ఇప్పుడు అవసరం లేదు. మీరు పంపిన లెక్క ప్రకారం ఒక్కో వాయిదాకు ముగ్గురి బస్సు ఛార్జీలు, ఆటోలు, భోజనాలు, వకీలు ఫీజు కలిపి 7,500 అవుతోంది. నెలకొక వాయిదా పడితే ఏడాదికి 90,000. కేసు ఎన్నేళ్లు నడుస్తుందో ఎవరూ చెప్పలేరు కనుక, దింపు దింపుకీ ఇంటికి డబ్బు తెచ్చే తోటను ఇలాంటి ఖర్చు కోసం అమ్మితే మళ్లీ కొనుక్కోవడం మీ వయసులో సాధ్యం కాదు.

కేసు మార్పు విషయానికొస్తే, 2019 జనవరి 1 నుంచి రెండు రాష్ట్రాలకూ వేర్వేరు హైకోర్టులు ఉన్నాయి. హైదరాబాదు కేసు అమలాపురానికి రావాలంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 25వ సెక్షన్ కింద సుప్రీంకోర్టులోనే పిటిషన్ వేయాలి. (కేసు విశాఖపట్నంలో ఉండి ఉంటే మన హైకోర్టే సరిపోయేది.) చిన్న బిడ్డ, సొంత సంపాదన లేకపోవడం, దూరప్రయాణం వంటి భార్య ఇబ్బందులకు ఇలాంటి పిటిషన్లలో సుప్రీంకోర్టు చాలాసార్లు ప్రాధాన్యమిచ్చింది. ఢిల్లీ వకీలు ఫీజుకు భయపడకండి. 1987 నాటి న్యాయ సేవల చట్టం ప్రకారం మహిళలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందుతుంది, సుప్రీంకోర్టులోనూ అందుకు ప్రత్యేక కమిటీ ఉంది. ఒక్కటి మాత్రం మరువకండి: పిటిషన్ వేసినంత మాత్రాన హైదరాబాదు విచారణ ఆగదు. స్టే వచ్చేదాకా ఏ వాయిదాకూ గైర్హాజరు కావద్దు, లేకపోతే ఎక్స్‌పార్టీ తీర్పు, అంటే మీ వాదన వినకుండానే ఇచ్చే తీర్పు, వచ్చే ప్రమాదం ఉంది.

మీ ఉత్తరంలో నన్ను ఎక్కువగా కలవరపెట్టింది మరొకటి. ఇన్ని నెలలైనా మీరు మనోవర్తి అడగలేదు. సొంత ఆదాయం చాలని జీవిత భాగస్వామి, హిందూ వివాహ చట్టం 24వ సెక్షన్ కింద, నెలవారీ పోషణతో పాటు కేసు ఖర్చులు కూడా అవతలి వారి నుంచి కోరవచ్చు. నోటీసు అందిన 60 రోజుల్లో వీలైనంతవరకు దాన్ని తేల్చాలని చట్టమే చెబుతోంది. ఇది విడాకుల కేసు నడుస్తున్న కోర్టులో వేయాలి. భారతీయ నాగరిక సురక్షా సంహిత (పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన చట్టం) 144వ సెక్షన్ కింద భార్యాబిడ్డల పోషణ కేసును మాత్రం మీ అమ్మాయి ఉన్నచోటే, అంటే అమలాపురంలోనే వేయవచ్చు. అప్పుడు అల్లుడే ఇక్కడికి రావలసి వస్తుంది. మనోవర్తిని దరఖాస్తు చేసిన తేదీ నుంచి లెక్కించాలని 2020లో రజనీష్-నేహా కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఉదాహరణకు నెలకు 10,000 మంజూరయ్యే కేసులో ఆరు నెలలు ఆలస్యం చేస్తే 60,000 పోయినట్టే, అది మీ ఏడు ప్రయాణాల ఖర్చు కంటే ఎక్కువ. రెండు చోట్లా వేస్తే ఒకచోట వచ్చిన మొత్తాన్ని రెండోచోట దాచకుండా చెప్పాలి.

అదే తీర్పు ప్రకారం ఇద్దరూ ఆస్తులు, అప్పులు, ఆదాయాలతో అఫిడవిట్ ఇవ్వాలి. అందుకే మీ డబ్బు అమ్మాయి ఖాతాలో వేసి గజిబిజి చేయకండి. బంగారం ఆమె స్త్రీధనం, దాన్ని కదపవద్దు. తప్పనిసరిగా డబ్బు కావాలంటే డిపాజిట్ రద్దు చేయకుండా దాని మీదే అప్పు తీసుకోండి. సాధారణంగా డిపాజిట్ వడ్డీ కంటే ఒకటి రెండు శాతమే ఎక్కువ పడుతుంది. ఇకపై బస్సు టికెట్లు, వకీలు రసీదులు ఒక సంచిలో తేదీల వారీగా దాచండి, కేసు ఖర్చులు అడిగేటప్పుడు అవే ఆధారం. ప్రతి వాయిదాకూ స్వయంగా రావాలా, వీడియో కాన్ఫరెన్స్‌కు అవకాశం ఉందా అని కూడా మీ వకీలుతో కోర్టును అడిగించండి.

వచ్చే వాయిదాకు ముందే పెళ్లి ఫోటో, విడాకుల పిటిషన్ ప్రతి, బాబు జనన ధ్రువపత్రం, ఆధార్ తీసుకుని అమ్మాయితో కలిసి అమలాపురం కోర్టులోని న్యాయ సేవాధికార కమిటీ కార్యాలయానికి వెళ్లండి. వెళ్లేలోగా ఏదైనా అడగాలంటే 15100కు ఫోన్ చేయవచ్చు.