కంప్యూటర్లు లేని రోజుల్లో టీవీలో పేర్లు, టైటిల్స్ ఎలా వేసేవారు?

చేత్తోనే. నల్ల అట్ట మీద తెల్ల పోస్టర్ కలర్‌తో. ఎనభైల్లో హైదరాబాద్‌లో క్యాజువల్ ఆర్టిస్టుగా ఈ అట్టలు రాసే బతికాను కాబట్టి ఈ ప్రశ్నకి జవాబు నేనే చెప్పాలి.

అట్టని స్టాండ్ మీద పెట్టి ఒక కెమెరాని దానివైపు తిప్పేవాళ్లు. రెండు కెమెరాల బొమ్మల్ని కలిపే మిక్సర్‌లో నలుపు పోయి తెల్ల అక్షరాలు మాత్రం మాట్లాడే మనిషి బొమ్మ మీద పడేవి. దాన్ని 'సూపర్' అనేవాళ్లం. చివర్లో పేర్లు పైకి పాకాలంటే పొడవాటి నల్ల కాగితం మీద రాసి, డ్రమ్ముకి చుట్టి తిప్పడమే. ఇంగ్లీషుకేం, రెడీమేడ్ అక్షరాలుండే లెట్రాసెట్ షీటు రుద్దితే అక్షరం అట్ట మీదికి దిగిపోయేది. మా తెలుగుకి గుడులు, ఒత్తులు అన్నీ బ్రష్‌తోనే. అడ్డగీత సన్నగా లాగితే తెర మీద వణికేది. ఒత్తు మరీ కిందికి దిగితే కొన్ని ఇళ్లలో టీవీ అంచు దాన్ని మింగేసేది.

ఒకసారి లైవ్ చర్చకి రావాల్సిన డాక్టరుగారి బదులు ఆఖరి నిమిషంలో ఇంకొకాయన వచ్చారు. ఇంటిపేరుతో కలిపి బారెడు పేరు, నిండా ఒత్తులే. నేను రాయడం ముగించేసరికి సిగ్నేచర్ ట్యూన్ మొదలైంది. రంగేమో తడి. తడి రంగు లైట్లకి మెరిసి అక్షరాలు అలుక్కుపోయినట్టు కనిపిస్తాయి. మేకప్ రూమ్‌లోంచి హెయిర్ డ్రయ్యర్ లాక్కొచ్చాను. దాని మోత మైకులకి వినపడుతుందని కారిడార్‌లోనే కూర్చుని, ఒక్కో ఒత్తు ఆరబెట్టి, అట్టని అంచులు పట్టుకుని పరుగెత్తాను. స్టాండ్ మీద పెట్టానో లేదో కెమెరా మీద ఎర్రలైటు వెలిగింది. ఆ పేరు తెర మీద ఉన్నది నాలుగైదు సెకన్లు. దానికి రావాల్సిన డబ్బులు మాత్రం నెలలు గడిచాక వచ్చాయి, అది వేరే కథ.

చేత్తో చేసిందంటే నాసిరకం అనుకోకండి. 1976లో మొదలైన దూరదర్శన్ గుర్తు, అదే ఆ తిరిగే కన్ను, అహ్మదాబాద్ నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ డిజైన్ (ఎన్‌ఐడీ)లో దేబాశిస్ భట్టాచార్య గీసిన బొమ్మ. దాని కాపీల్ని కెమెరా కింద పెట్టి, తిప్పుతూ షూట్ చేస్తే అలా కదిలింది. దాన్ని మించిన టీవీ గుర్తు మన దేశంలో ఇంతవరకూ రాలేదు, రాదు కూడా.

ఇప్పుడు క్లిక్ చేస్తే చాలు, కావలసినన్ని ఫాంట్లు. అయినా ఏ న్యూస్ ఛానల్ చూసినా ఎరుపు మీద పసుపు, కింద రెండు స్క్రోలింగులు, పక్కన ప్రకటన, ఎక్కడో మధ్యలో యాంకర్ మొహం. ఒత్తు వెళ్లి కింది లైను నెత్తినెక్కినా అడిగే నాథుడు లేడు. అలాంటి అట్ట పట్టుకెళ్తే మా ప్రొడ్యూసర్ నన్ను స్టూడియో గుమ్మం కూడా తొక్కనిచ్చేవాడు కాదు.